నేను చదివిన మాఫీ

కోపం తగ్గాక రాయండి అంది మా ఆవిడ. ఇన్నేళ్లు ఆగాను. తగ్గలేదు. ఇక తగ్గుతుందన్న ఆశ కూడా లేదు కాబట్టి రాస్తున్నాను.

నాందేడ్‌లో ఫోను పట్టుకుని ఛానెల్ నడుపుతున్న పిల్లలు అప్పుడప్పుడు మా ఇంటికి వస్తుంటారు. "సార్, ఈ ఊర్ల మొదటి టీవీ మీదేనంట గదా, ఆ ముచ్చట చెప్పుండ్రి" అని అడుగుతారు. ఇనుప చువ్వలు వంచి, కోళ్ల గూటికి కొట్టే జాలీ బిగించి డిష్ ఎలా తయారుచేశానో చెబితే నవ్వుతారు. ఫోటో దిగుతారు. తర్వాత నన్ను 'ఆద్యుడు' అని రాస్తారు. ఆ మాట కనబడినప్పుడల్లా నాకు ఒళ్లు మండుతుంది. ఈసారి డిష్ గురించి చెప్పను. నేను చేసిన ఒక పాడుపని గురించి చెబుతాను. ఇంకొందరు చేసినవి కూడా ఉన్నాయి, వాళ్లనూ వదలను. పేర్లు మాత్రం రాయను.

నేను రేడియో మెకానిక్‌ని. ఊళ్లోకి కేబుల్ వచ్చిన కొత్తలో, ఎక్కడెక్కడి దేశాలో టీవీలో కనబడుతుంటే, మన గల్లీ ఎందుకు కనబడదు అనిపించింది. పెళ్లిళ్లకు వీడియో తీసే ఒకాయన్ని పట్టుకున్నాను. నాకంటే పదేళ్లు పెద్ద, దక్కనీ ఉర్దూ తప్ప ఇంకో భాష మాట్లాడడు, కెమెరాను మాత్రం పసిపిల్లను ఎత్తుకున్నట్టు ఎత్తుకుంటాడు. ఇద్దరం కలిసి సాయంత్రం అరగంట వార్తలు మొదలుపెట్టాం. ఇరవై నిమిషాలు మరాఠీ, పది నిమిషాలు తెలుగు.

తెలుగు ఎందుకని చాలామంది వెక్కిరించారు. మా అమ్మది ధర్మాబాద్ పక్కన పల్లె. హైదరాబాద్ నుంచి వచ్చే తెలుగు ఆమెకు సగమే అర్థమయ్యేది. "గా పిల్ల ఏమంటుందిర? మనోళ్ల లెక్క మాట్లాడేటోళ్లు లేరా టీవీల?" అనేది. ఊళ్లో అలాంటి అమ్మలు వేలల్లో ఉన్నారు. వాళ్లకోసం ఒక బాయి దొరికింది. ఇక్కడ బడిలో పాఠం చెప్పే ఆడవాళ్లను బాయి అంటారు. ఆమె మరాఠీ బడిలో టీచరు, ఇంట్లో తెలుగు. ఉమ్రి బజార్లో పత్తి ధర, మాహూర్ జాతరకు వేసిన బస్సులు, తప్పిపోయిన బర్రె, ఏది చదివినా అక్షరం పొల్లు పోనిచ్చేది కాదు. ఆ బర్రె దొరికినప్పుడు దాని ఆసామి మాకు పేడాల మిఠాయి డబ్బా తెచ్చిచ్చాడు. మా ఛానెల్‌కు వచ్చిన బహుమతుల్లో అదే పెద్దది.

ఊరంతటికీ కేబుల్ తీగలు బయలుదేరే కంట్రోల్ రూం ఒక సేఠ్‌ది. మా స్టూడియో అనబడే చిన్న గది కూడా ఆయన మేడ మీదే, కంట్రోల్ రూం పక్కనే. బాయి కెమెరా ముందు కూర్చుని చదువుతుంటే అప్పటికప్పుడే ఇళ్లలో కనబడేది. మధ్యమధ్య చూపించాల్సిన దృశ్యాల టేపు కంట్రోల్ రూంలోని ప్లేయర్‌లో వేసేవాళ్లు. తీగలు సేఠ్‌వి, మాటలు మావి అని నేననుకునేవాణ్ణి. తీగ ఎవరిదో మాట కూడా వాళ్లదేనని తెలియడానికి నాకు నాలుగేళ్లు పట్టింది.

ఊరి చివర ఒక జిన్నింగు ఫ్యాక్టరీ ఉండేది. పత్తి నుంచి గింజ తీసే ఫ్యాక్టరీ. దాని వెనక కూలీల క్వార్టర్లు, సగానికి పైగా మన తెలుగువాళ్లే. నీళ్లు కూడా ఫ్యాక్టరీవే, సొంత బోరు, సొంత ట్యాంకు, సొంత పైపు. ఆ నీళ్లు వదిలే మనిషి మా నాన్నకు దోస్తు. నేను ఆయన్ని కాకా అనేవాణ్ణి. గల్లీలో అందరికీ ఆయన నీళ్ల కాకే.

ఒక చలికాలం ఆ క్వార్టర్లలో వాంతులు, విరేచనాలు మొదలయ్యాయి. వారం తిరక్కుండా ఒక ముసలాయన పోయాడు. తర్వాత పాలు తాగే బిడ్డ తల్లి పోయింది. రోగం మొదలవడానికి మూడు రోజుల ముందే ఆ గల్లీలో ఒక పెళ్లి జరిగింది. "పెళ్లి భోజనం చెడిపోయింది, అందుకే ఇదంతా" అని ఫ్యాక్టరీ మేనేజరు అన్నాడు. ఆ మాట ఊరంతా పాకింది. పెళ్లికూతురి తండ్రి ఎదురుపడితే జనం మొహం తిప్పుకోసాగారు.

కాక నా దుకాణానికి వచ్చాడు. నిలబడే చెప్పాడు.

"పెండ్లన్నంతోని కాదు బిడ్డా. మోరీలకెళ్లి పోయే పైపు జాయింటు కాడ పలిగింది. నేను నీళ్లు బంద్ జేయంగనే గా పైపు మోరీ నీళ్లను లోపటికి గుంజుకుంటది. మల్ల పొద్దుగాల ఇడిస్తె గవే నల్లాలల్ల వస్తయి. మేనేజర్‌కు రెండు తాపలు చెప్పిన. సీజన్ అయినంక సూద్దాం అన్నడు."

"గిదే మాట కెమెరా ముందట చెప్తవా కాకా?"

"చెప్త. నా మొకం సూపియ్యకు. రెండేండ్లల్ల రిటైర్ అయిత. ఉండే ఖోలీ గుడ ఆళ్లదే."

"కనవడది కాకా. నాది జబాన్" అని మాటిచ్చాను.

మర్నాడు తీశాం. కెమెరా ఆయన ముక్కుకు దస్తీ కట్టుకుని మురుగు పారే మోరీలోకి వంగి, పగిలిన జాయింటును, దాని మీదుగా పారుతున్న మురికిని తీశాడు. కాక మాట్లాడుతుంటే మొహం నిండుగా తీసి, తర్వాత చేతులు మాత్రం విడిగా తీశాడు. మొహం తీసేసి చేతులు మాత్రమే ఉంచి నేను ఒక టేపు తయారుచేశాను. ఆ పని నిజాయితీగానే చేశాను. అది గుర్తుంచుకోండి, నేను నిజాయితీగా చేసిన పనుల లెక్క ఇక్కడితో ఆఖరు.

ఆ సాయంత్రం బాయి చదవడం మొదలుపెట్టింది. "ఇప్పుడు ఆ పైపును మీరే చూడండి" అన్నంతవరకు బాగానే ఉంది. గదిలో మూలన ఒక టీవీ ఉండేది, ఇళ్లలో ఏం కనబడుతోందో మాకూ కనబడాలని. అది తెల్లగా బరబరమంది. కంట్రోల్ రూంలోకి పరిగెత్తాను. అక్కడి ఆపరేటర్ మా టేపును చేతిలో పట్టుకుని నిలబడి ఉన్నాడు. "ఫాల్ట్ ఆలా" అన్నాడు, నా మొహం చూడకుండా. ఫాల్టు వస్తే టేపు చేతిలోకెలా వచ్చిందో అడగబోయేలోగా వెనక సేఠ్ నిలబడి ఉన్నాడు.

"అరే భాయ్, పెండ్లి తిండితోని అయిందని అందరు అంటుండ్రు గదా. నువ్వెందుకు పైపుల ఎంబడి పడ్డవ్? ఆ ఫ్యాక్టరీ మా వియ్యంకులది. ఇంట్ల మంటవెడ్తవా?"

"ఇద్దరు సచ్చిపోయిండ్రు సేఠ్."

"అందుకే చెప్తున్న. సచ్చిపోయినోళ్ల మీద టీవీ నడుపుడు మంచిగుండదు."

నాకు చనిపోయినవాళ్ల మీద మర్యాద నేర్పాడు ఆయన. ఆ గొంతు ఇప్పటికీ నా చెవిలో ఉంది. టేపు ఇవ్వలేదు.

మా దగ్గర మిగిలింది కెమెరాలో ఉన్న అసలు టేపు. కాక మొహం నిండుగా ఉన్నది. ఆ రాత్రి కళ్లు మూతపడలేదు. తెల్లవారగానే అరటిపళ్ల తోపుడు బండి ఒకటి తీసుకొచ్చి, దాని మీద టీవీ, ప్లేయర్, మైకుల దుకాణం నుంచి తెచ్చిన బ్యాటరీ పెట్టాను. పగటి వెలుగులో బొమ్మ కనబడదు కాబట్టి పైన గొంగడి కప్పాను. తల లోపలికి పెట్టి చూడాలి. కెమెరా ఆయన బండి తోస్తూ తోస్తూ క్వార్టర్ల మలుపులో ఆగాడు.

"భాయ్, ఇస్మే కాకా కా చెహరా హై."

నేను మరిచిపోయానని చెప్పుకుంటే బాగుండేది. మరిచిపోలేదు. ఆయన గుర్తు చేశాడు. మొహం వచ్చేచోట ఆపేసి, పైపు దృశ్యం ఒక్కటే చూపించవచ్చు. ఒక్క బటన్ పని. కానీ పైపును చూపించి ఊరుకుంటే ఎవరు నమ్ముతారు, కాక నోటి మాట వింటేనే నమ్ముతారు అనుకున్నాను. సేఠ్ మీద కోపం నెత్తికెక్కి ఉంది.

"చల్నే దో" అన్నాను, ఆడనివ్వమని.

జనం ఒక్కొక్కరే గొంగడిలో తల దూర్చి చూశారు. చూసినవాళ్లు బయటికొచ్చి ఇంకొకరిని లోపలికి నెట్టారు. పెళ్లికూతురి తండ్రి కూడా వచ్చాడు. వంగి, చివరిదాకా చూశాడు. బయటికొచ్చి మట్టిలోనే చతికిలబడి, "మా అన్నం మంచిదే ఉండె" అన్నాడు. ఎవరితోనూ కాదు. మళ్లీ అన్నాడు, "మంచిదే ఉండె."

ఆడవాళ్లు బిందెల్లో ఆ నీళ్లు పట్టుకుని ఫ్యాక్టరీ గేటు ముందు కూర్చున్నారు. కూలీలు మిషన్లు ఆపేశారు. రెండో రోజు పొద్దుగూకేసరికి కొత్త పైపు పడింది. అది ముందే అనుకున్న పనే అన్నాడు మేనేజరు. అదే రోజు కాకను పనిలోంచి తీసేశాడు. పైపు ఆయనే పగలగొట్టాడని కాగితం రాయించాడు. వారంలో ఖోలీ ఖాళీ చేయాలన్నారు. నేను వెళ్లేసరికి కాక గిన్నెలు మూటగడుతున్నాడు. మొహం గురించి ఒక్క మాట అనలేదు. "ఉమ్రిల బిడ్డ కాడికి పోత" అన్నాడు, అంతే. తిట్టి ఉంటే నాకు సులువయ్యేది.

మా ఛానెల్ అప్పటికే బంద్. పది రోజులకు సేఠ్ కబురు పెట్టాడు. టేబుల్ మీద ఒక కాగితం ఉంది, మేనేజరు మరాఠీలో రాయించిన మాఫీ, అంటే క్షమాపణ.

"గిది ఒక్కపారి చదువు. లైన్ ఇస్త. ముసలాయన్ని గుడ పదిహేను దినాలల్ల మల్ల తీస్కుంటరు, నేను మాట్లాడిన."

ఆ చివరి మాట పట్టుకుని వేలాడాను. కాక కోసమే కదా, అనుకున్నాను. కాగితాన్ని నేనే తెలుగు చేశాను. 'నీళ్లు వదిలే మనిషి చెప్పిన మాటలు నిరాధారమని తేలింది' అని ఉంది అందులో. నిరాధారం అన్న మాట మరాఠీలోనూ ఇంచుమించు అదే, నేను పెద్దగా కష్టపడాల్సిన పని కూడా లేకపోయింది.

బాయికి ఇచ్చాను. నిలబడే చదివింది. టేబుల్ మీద పెట్టేసింది.

"నేను బడిల పోరగాండ్లకు శుద్ధలేఖనం రాయిపిస్త" అంది. శుద్ధలేఖనం అంటే టీచరు చెబుతుంటే తప్పుల్లేకుండా రాయడం. "తప్పని తెల్సి రాయుండ్రి అని ఎవ్వళ్లకు చెప్పలె. ఇది నేను చదువ."

"కాక నౌకరి కోసం బాయి."

"కాక అడిగిండా?"

ఆమె సంచీ తీసుకుని వెళ్లిపోయింది. కెమెరా ఆయన కెమెరా పెట్టాడు కానీ అద్దంలోంచి చూడలేదు, గోడవైపు తిరిగి నిలబడ్డాడు. నేనే కూర్చుని చదివాను. మంచి చొక్కా వేసుకుని, తల దువ్వుకుని, స్పష్టంగా, ఎక్కడా తడబడకుండా చదివాను. మర్నాటినుంచి లైన్ వచ్చింది. పత్తి ధరలు, బస్సులు, బర్రెలు. అన్నీ నేనే చదివాను.

పదిహేను రోజులు ముప్ఫై అయ్యాయి. మేనేజరును అడిగితే "ఎవరు చెప్పారు మీకు?" అన్నాడు. సేఠ్‌ను అడిగితే చేతులెత్తేశాడు. "నేను మాట్లాడిన, ఆళ్లు ఒప్పుకోలె. నేనేం జేత్త?"

రైలెక్కి ఉమ్రి వెళ్లాను. కాక ఒకరి చేన్లో మోటారు కాడ కాపలా ఉంటున్నాడు. నన్ను చూసి మంచం మీద చోటిచ్చాడు. నేను ముందే సిద్ధం చేసుకున్న మాటలు మొదలుపెట్టాను, మొహం చూపించి తప్పు చేశానని.

"ఆ బండి కాడ నేను గుడ ఉన్న బిడ్డా" అన్నాడు. "గొంగట్ల తల పెట్టి నా మొకం నేనే సూసిన. రెండు దినాలు భయమైంది. తర్వాత అనిపించింది, పాలు తాగే పిల్లను ఇడిచిపెట్టి ఆ పొల్ల పోయినంక నేను మొకం దాసుకునుడేంది అని. దానికి నీ మీద కోపం లేదు."

నా గుండె మీంచి బరువు దిగినట్టయింది. ఒక్క క్షణమే.

"నిరాధార్ అని చదివినవట" అన్నాడు.

"నీ కోసమే చదివిన కాకా. నౌకరి మల్ల ఇస్తమన్నరు."

"నన్ను అడిగినవా?"

మోటారు కొట్టుకుంటోంది. నేను నీళ్లవైపు చూస్తూ కూర్చున్నాను.

"నౌకరి ఆళ్లు గుంజుకున్నరు. అది ఆళ్లు ఇచ్చిందే. నా మాట నువ్వు గుంజుకున్నవ్. పైపు పలిగింది ఖరే అని నేను చెప్తె, లబాడోడు, అబద్ధం చెప్పిండు అని ఊరందరికి నువ్వు చెప్పినవ్. మొన్న మా అల్లుడు అడిగిండు, ఖరేనా మామా, పైపు నువ్వే పలగ్గొట్టినవా అని. ఇంట్ల అన్నం తినబుద్ధయితలేదు బిడ్డా."

ఆయన కూతురు చాయ్ తెచ్చింది. తాగమన్నాడు. తాగాను.

మర్నాడు బాయి ఇంటికి వెళ్లాను. పిల్లల పరీక్ష పేపర్లు దిద్దుతోంది. నేను రాసుకొచ్చిన రెండు పేజీలు ఆమె ముందు పెట్టాను. ప్రేక్షకులకు నమస్కారంతో మొదలుపెట్టి, మా ఛానెల్ చరిత్ర, మా ఇబ్బందులు, మా మీద వచ్చిన ఒత్తిడి, అన్నీ చెప్పి, చివర కాక సంగతి రాశాను. ఆమె ఎర్ర పెన్ను చేతిలోనే పెట్టుకుని చదివింది.

"సేఠ్ మనిషి తీగ గుంజనీకి ఎంత సేపు పడ్తది?"

"నాలుగు మాటలు ఇంటడు. తర్వాత గుంజుతడు."

"మరి ఈ నమస్కారాలు, మన బాధలు ఎందుకు ముందట?" అని మొదటి పేజీ మొత్తం అడ్డంగా కొట్టేసింది. రెండో పేజీ అడుగున ఉన్న మూడు వాక్యాలు తీసి పైన రాసింది. "మీరు చదువుతరా, నేను చదవాల్నా?"

"మీరే చదువుండ్రి బాయి. మీ గొంతంటె జనానికి నమ్మకం."

ఆమె నావైపు ఒకసారి చూసి, సరే అంది.

ఆ సాయంత్రం ఆమె మునుపటిలాగే కెమెరా ముందు కూర్చుంది. కెమెరా ఆయన ఈసారి అద్దంలోంచి కన్ను తీయలేదు. "నీళ్ల కాక చెప్పింది నిజం. పైపు పగిలే ఉండింది. మేము చదివిన క్షమాపణ అబద్ధం." నాలుగో వాక్యం మధ్యలో మూలనున్న టీవీ బరబరమంది. ఆమె అది చూసింది. చూసి కూడా ఆగకుండా చివరి అక్షరం దాకా చదివింది. మేమిద్దరం ఆపలేదు. కాగితాలు మడిచి, "ఎందాక పోయింది?" అని అడిగింది.

"అబద్ధం అన్న కాడిదాక."

"అయితె పోయింది" అని లేచింది. పొద్దున బడి ఉందంది.

మర్నాటికి మా కుర్చీలు, బల్ల మెట్ల మీద పడి ఉన్నాయి. ఛానెల్ అక్కడితో అయిపోయింది. సేఠ్ తర్వాత పెద్ద మనిషయ్యాడు, సభల్లో మీడియా స్వేచ్ఛ గురించి మాట్లాడేవాడు, చప్పట్లు కొట్టించుకునేవాడు. మేనేజరు రిటైరై మనవలతో తీర్థయాత్రలు చేశాడు. కాకకు ఉద్యోగం రాలేదు. నేను రేడియోలకు, తర్వాత టీవీలకు, తర్వాత దేనికీ కాని మెకానిక్‌గా మిగిలాను.

దానికి కూడా కాదు నా కోపం. ఎనిమిది రోజుల తర్వాత కాక అల్లుడు ఉమ్రి నుంచి నా దుకాణానికి వచ్చాడు. నాందేడ్‌లో ఉన్న చుట్టాలు విని చెప్పారట. ఇంట్లో అందరికీ తెలిసింది, మామ ఇప్పుడు అన్నం తింటున్నాడు అన్నాడు. నేను సంతోషపడ్డాను. కుర్చీ వేశాను.

"మామ ఒకటి అడిగి రమ్మన్నడు" అన్నాడు కూర్చోకుండానే. "ఆ మాట టీవీల చదివింది మీరా, బాయా?"

"బాయి చదివింది."

అతను తల ఊపాడు. "బాయి అయితె, ఒక మాట చెప్పి రమ్మన్నడు. నువ్వు చదవాల్సి ఉండె, అన్నడు."

కాక ఇప్పుడు లేడు. అబద్ధం నా నోటితో చదివాను. నిజాన్ని ఒక ఆడమనిషి నోటితో చదివించి, ఆమె గొంతు మీద నమ్మకమని సాకు చెప్పాను. ఆ కుర్చీలో ఇంకోసారి కూర్చోవాలంటే నాకు సిగ్గేసింది, అసలు సంగతి అదే. అప్పుడు నా చేతిలో తీగ లేదని చెప్పుకోవచ్చు. ఆ తర్వాత ఇన్నేళ్లు చేతిలో కలం ఉంది కదా, మరి ఎందుకు రాయలేదో నాకు నేనే చెప్పుకోలేకపోతున్నాను.

కాబట్టి ఇది నా మాటగా రాస్తున్నాను. నీళ్ల కాక చెప్పింది నిజం. పైపు పగిలే ఉండింది. నేను చదివింది అబద్ధం.